రాబీ ముల్లర్ పద్ధతిలో, ఉన్న వెలుగుతోనే షూట్ చేయడం ఎలా?

‘పారిస్, టెక్సస్’ సినిమా చూసినవాళ్లకు అందులోని ఆకుపచ్చ వెలుగు గుర్తుండిపోతుంది. ట్యూబ్‌లైట్ల కింద ఫిల్మ్ మీద పడే ఆ పచ్చదనాన్ని దోషంగా చూడటం అప్పటి అలవాటు. ట్యూబులకు జెల్ (రంగు ప్లాస్టిక్ షీటు) చుట్టో, లెన్స్ ముందు ఫిల్టర్ పెట్టో, ల్యాబ్‌లో సరిచేసో తీసేసేవారు. డచ్ ఛాయాగ్రాహకుడు రాబీ ముల్లర్ దాన్ని తీసేయలేదు. ఆ ఊళ్లో, ఆ వేళ, ఆ దీపం కింద నిలబడితే ఎలా ఉంటుందో ఆ రంగే చెబుతుందని నమ్మారు. ఆయన పని మొత్తానికి మూలం ఈ నమ్మకమే. లైటు జోడించే ముందు, అక్కడ అప్పటికే ఉన్న లైటు ఏం చేస్తోందో పూర్తిగా చూడాలి.

ఇది చెప్పడం తేలిక. చేయాలంటే కొలతలు కావాలి, ఓపిక కావాలి, కొన్ని లెక్కలు ముందే వేసుకోవాలి. షార్ట్ ఫిల్మ్‌లు, చిన్న బడ్జెట్ సినిమాలు తీసేవాళ్లకు పనికొచ్చేలా ఆ లెక్కలన్నీ ఇక్కడ ఇస్తున్నాం. ఇందులోని అంకెలు నేటి డిజిటల్ కెమెరాలకు సరిపోయేవి. ముల్లర్ సొంత నోట్‌బుక్‌లోవి కావు.

దశ 1: సినిమాలు ఈ వరుసలో చూడండి

ముల్లర్ 1940లో కరీబియన్ దీవి క్యూరసావ్‌లో పుట్టారు. ఆమ్‌స్టర్‌డామ్ ఫిల్మ్ అకాడమీలో చదువుకుని, గెరార్డ్ వాండెన్‌బర్గ్ అనే డచ్ కెమెరామన్ దగ్గర అసిస్టెంటుగా చేరారు. ఆ పని మీదే జర్మనీ వెళ్లారు. అక్కడ ‘పారిస్, టెక్సస్’ దర్శకుడు విమ్ వెండర్స్‌తో పరిచయమైంది. 1969లో ఇద్దరూ కలిసి ‘అలబామా’ అనే లఘు చిత్రం తీశారు. తర్వాత ఆ జంట దాదాపు రెండు దశాబ్దాలు కలిసి పనిచేసింది. 2018 జులైలో ఆమ్‌స్టర్‌డామ్‌లో ఆయన కన్నుమూశారు.

ముందు నలుపు తెలుపు సినిమాలు చూడండి. రంగు లేనప్పుడు వెలుగు ఎటునుంచి వస్తోందో తేలిగ్గా పట్టుకోవచ్చు. 16 ఎంఎం మీద తీసిన ‘ఆలిస్ ఇన్ ద సిటీస్’ (1974), ఆ తర్వాత ‘కింగ్స్ ఆఫ్ ద రోడ్’ (1976). ఈ రెండోది 1975 జులై నుంచి అక్టోబరు దాకా తూర్పు జర్మనీ సరిహద్దు వెంట, లూనెబర్గ్ నుంచి హోఫ్ దాకా ప్రయాణిస్తూ తీసినది. దీనికి మార్టిన్ షేఫర్ కూడా కెమెరామన్. ఆ తర్వాత రంగుల్లోకి రండి: ‘ది అమెరికన్ ఫ్రెండ్’ (1977), ‘రెపో మ్యాన్’, ‘పారిస్, టెక్సస్’ (రెండూ 1984), ‘టు లివ్ అండ్ డై ఇన్ ఎల్.ఏ.’ (1985). ఆపైన జిమ్ జార్ముష్‌తో చేసిన ‘డౌన్ బై లా’ (1986), ‘మిస్టరీ ట్రైన్’ (1989), ‘డెడ్ మ్యాన్’ (1995). వీటిలో మొదటిది, చివరిది మళ్లీ నలుపు తెలుపే. చివరగా లార్స్ వాన్ ట్రియర్ ‘బ్రేకింగ్ ద వేవ్స్’ (1996).

ఊరికే చూస్తే లాభం లేదు. ఒక్కో సినిమాలో ఐదు ఫ్రేముల దగ్గర ఆపండి. ఒక్కోదానికి పైనుంచి చూసినట్టు ప్లాన్ గీయండి: కిటికీ ఎక్కడ, దీపం ఎక్కడ, మనిషి ఎక్కడ, కెమెరా ఎక్కడ. కళ్లలో మెరుపు చూస్తే సోర్స్ ఎంత పెద్దదో, ముక్కు నీడ చూస్తే ఎంత ఎత్తులో ఉందో తెలుస్తుంది. పది ఫ్రేములు గీసేసరికి ఒకటి బోధపడుతుంది: కెమెరా ఎక్కువసార్లు కిటికీకి ఎదురుగానో, కిటికీకి అడ్డంగానో ఉంటుంది. కిటికీని వీపు వెనక పెట్టుకుని ముఖం మీద చదునైన వెలుగు పడేలా తీసిన షాట్లు వెతుక్కోవాల్సి వస్తుంది.

దశ 2: సామాను తగ్గించండి

రెండు ప్రైమ్ లెన్సులు (జూమ్ కానివి) చాలు. సూపర్ 35 సెన్సర్ అయితే 28, 40 ఎంఎం. ఫుల్ ఫ్రేమ్ అయితే 40, 60 దగ్గరగా ఏవైనా. జూమ్ వద్దనడానికి కారణం నాణ్యత కాదు. జూమ్ చేతిలో ఉంటే నిలబడిన చోటు నుంచి కదలం. ఈ పద్ధతిలో సగం పని కాళ్లదే.

వీటితో పాటు ఒక ఇన్సిడెంట్ లైట్ మీటర్, అంటే మనిషి మీద పడే వెలుగును కొలిచేది (దూరం నుంచి ఒక చిన్న చోటు వెలుగును కొలిచే స్పాట్ మీటర్ కూడా ఉంటే మరీ మంచిది), 18 శాతం గ్రే కార్డు, నాలుగడుగుల థర్మాకోల్ షీటు, అంతే కొలతలో నల్ల గుడ్డ రెండు, బటర్ పేపర్ రోల్, వేర్వేరు వాట్లలో ఐదారు బల్బులు, రెండు డిమ్మర్లు పెట్టుకోండి. నల్ల గుడ్డ తెల్ల థర్మాకోల్ కంటే ఎక్కువ వాడతారు. తెల్ల గోడలున్న చిన్న గదిలో వెలుగు నాలుగు వైపులా తిరిగి నీడను చంపేస్తుంది. ముఖానికి నీడ వైపు, ఫ్రేము అంచు దాటగానే నల్ల గుడ్డ పట్టుకుంటే చాలు, ఒక స్టాపు తేడా వస్తుంది. ఒక స్టాపు అంటే వెలుగు రెట్టింపో, సగమో కావడం. ఒక్క లైటూ పెట్టకుండానే ముఖానికి ఆకారం వస్తుంది.

దశ 3: రికీలో (లొకేషన్ చూడటానికి వెళ్లినప్పుడు) వెలుగును రాసుకోండి

లొకేషన్‌ను ఒక్క రోజులో మూడుసార్లు చూడండి: ఉదయం, మిట్టమధ్యాహ్నం, పొద్దుగూకే వేళ. ప్రతిసారీ నటులు కూర్చునే చోట, నిలబడే చోట, గుమ్మం దగ్గర మీటర్ పెట్టి రీడింగ్ రాసుకోండి. ఉన్న ప్రతి దీపం రకం, రంగు రాయండి. ఎండ ఏ కిటికీలోంచి ఎన్ని గంటలకు నేల మీద పడుతుందో, ఎప్పుడు తప్పుకుంటుందో రాయండి. షెడ్యూలు ఈ కాగితాన్ని బట్టి వేయాలి. చాలా యూనిట్లలో షెడ్యూలు ముందు పడుతుంది, వెలుగు తర్వాత గుర్తొస్తుంది. అప్పుడు ఆ లోటు పూడ్చడానికి జనరేటరు తెప్పించాల్సి వస్తుంది.

ఫ్లికర్ (కెమెరాలో దీపం మినుకుమనడం) సంగతి రికీలోనే తేల్చుకోండి. మన దేశంలో, యూరప్‌లో కరెంటు 50 హెర్ట్జ్. అమెరికాలో 60. ఇక్కడ 24 ఫ్రేముల మీద తీస్తుంటే షట్టర్ 172.8 డిగ్రీలు, అంటే సెకనులో 50వ వంతు. 25 ఫ్రేములైతే 180 డిగ్రీలే సరిపోతుంది. డల్లాస్‌లోనో న్యూజెర్సీలోనో ఉండే తెలుగువాళ్లు అక్కడ తీస్తే 144 డిగ్రీలు, అంటే 60వ వంతు. పాత ట్యూబ్‌లైట్లు, సోడియం దీపాలు ఇలా పెడితే నిలకడగా ఉంటాయి. చవక ఎల్ఈడీలతో మాత్రం నమ్మకం లేదు. డిమ్మర్ తగ్గించగానే కొన్ని వేరే వేగంతో కొట్టుకుంటాయి. ఫోన్‌లో 240 ఫ్రేముల స్లో మోషన్ పెట్టి ప్రతి దీపాన్నీ పది సెకన్లు తీసి చూడండి. మినుకుమినుకుమనేది మార్చేయండి. ఫ్లికర్ ఒకసారి రికార్డయ్యాక తీసేయడం చాలా కష్టం.

దశ 4: రంగును సరిచేయకండి, ఎంచుకోండి

మొత్తం పద్ధతిలో ఎక్కువ తప్పులు జరిగేది ఇక్కడే. అన్ని దీపాలనూ వాటి రంగులో వదిలేస్తే ముల్లర్ ఫ్రేము వచ్చేస్తుందని అనుకుంటారు. వచ్చేది గందరగోళం. ‘పారిస్, టెక్సస్’లో ఆకుపచ్చ ఎక్కడుందో చూడండి. హ్యూస్టన్‌లో రాత్రి పార్కింగ్ స్థలంలో, దాని వెనక ఇంకా కాస్త వెలుగున్న ఆకాశం. రెండు రంగులే, రెండింటికీ ఫ్రేములో వేర్వేరు చోట్లు. తండ్రీ కొడుకులు బ్యాంకు దగ్గర కాపు కాసే ఘట్టంలో ఇద్దరి ఒంటి మీదా ఎర్ర చొక్కాలు, వాళ్లు వెతికే కారు కూడా ఎరుపే. ‘మిస్టరీ ట్రైన్’లో జపాన్ జంట మోసుకెళ్లే ఎర్ర సూట్‌కేసు కూడా అలాంటిదే. కాబట్టి రంగు నిర్ణయం కాస్ట్యూమ్స్, ఆర్ట్ విభాగాలతో కలిసి తీసుకోవాల్సిందే. లైట్‌మెన్‌తో మాత్రమే మాట్లాడితే సగం పనే అయినట్టు.

చేయాల్సింది ఇది. సీనులో ఏ వెలుగు మామూలుగా, తెల్లగా కనిపించాలో తేల్చుకోండి. వైట్ బ్యాలెన్స్ (కెమెరా దేన్ని తెలుపుగా తీసుకోవాలో చెప్పే సెట్టింగ్) దానికి లాక్ చేయండి. ముఖం మీద పాత గుండు బల్బు ఉంటే 2800 కెల్విన్ దగ్గర. అప్పుడు సందెవేళ బయటి ఆకాశం నీలంగా, ట్యూబు పచ్చగా, సోడియం దీపం ముదురు నారింజగా వస్తాయి. టింట్ (ఆకుపచ్చ, మెజెంటా సర్దుబాటు) సున్నా దగ్గరే ఉంచండి. ఆటో వైట్ బ్యాలెన్స్ ఒక్క షాటుకు కూడా వద్దు. నటుడు పచ్చ గోడ ముందు నుంచి నడిచి వెళ్తే షాటు మధ్యలోనే రంగు మారిపోతుంది. తర్వాత పట్టుకోలేరు.

ముఖాన్ని పచ్చ వెలుగు కింద నేరుగా పెడితే జబ్బు మనిషిలా కనిపిస్తుంది. కథకు అది కావాలంటే సరే. లేదంటే ట్యూబు మనిషికి రెండు మూడు మీటర్లు వెనక ఉండాలి. ముఖం మీద వెచ్చటి దీపం దానికంటే ఒక స్టాపు ఎక్కువ ఉండాలి. ట్యూబు నేరుగా ఫ్రేములోకి వస్తే నడి భాగం తెల్లగా కాలిపోయి రంగే కనిపించదు. రంగు కనిపించేది ట్యూబు వెలుగు పడిన గోడ మీద. ఆ గోడ ముఖం కంటే ఒక స్టాపు కింద ఉండేలా చూడండి.

ఇప్పుడొక చిక్కు. ఆ పచ్చదనం పాత ఫ్లోరోసెంట్ ట్యూబులది. వాటి వెలుగులో ఆకుపచ్చ ఎక్కువ. ఇవాళ ఇళ్లలో, దుకాణాల్లో ఉన్న ఎల్ఈడీ ట్యూబుల్లో చాలావాటికి అది లేదు. వీధి దీపాల్లో కూడా సోడియం పోయి తెల్ల ఎల్ఈడీలు వచ్చేశాయి. పాత రంగు కావాలంటే పాత ఫ్లోరోసెంట్ పట్టీలు వెతికి తెచ్చుకోవడం ఒక దారి. ఎల్ఈడీ ట్యూబు మీద లీ కంపెనీ 244 నంబరు ప్లస్ గ్రీన్ జెల్ చుట్టడం రెండో దారి. సగం చాలనుకుంటే 245, పావు చాలనుకుంటే 246. ముందు 245తో మొదలుపెట్టండి, డిజిటల్ సెన్సర్‌కు 244 తరచుగా ఎక్కువైపోతుంది. డీఐలో (షూటింగ్ తర్వాత కంప్యూటర్‌లో రంగులు దిద్దే దశలో) పచ్చ కలుపుదాంలే అని వదిలేస్తే మాత్రం ఫ్రేమంతా పచ్చబడుతుంది. దీపం పచ్చబడదు.

సోడియం దీపం కింద తీస్తే ఇంకొకటి గమనించండి. దాని రంగు 2000 కెల్విన్ దగ్గర. అందులో నీలం దాదాపు శూన్యం. తర్వాత దాన్ని తెల్లగా మార్చబోతే ఖాళీగా ఉన్న బ్లూ ఛానెల్‌ను బలవంతంగా పైకి లాగాల్సి వస్తుంది. వచ్చేది రంగు కాదు, నాయిస్.

దశ 5: సంధ్యవేళ

ఆకాశం, దీపాలు ఒకే బలంతో ఉండే ఆ కాసేపట్లో ముల్లర్ చేసిన పని అద్భుతం. అయితే హాంబర్గ్‌లో వేసవి సంధ్య ముప్పావు గంట దాకా సాగుతుంది. హైదరాబాద్‌లో సూర్యాస్తమయం నుంచి సుమారు 22 నిమిషాల్లోనే ముగుస్తుంది. మన అక్షాంశంలో సూర్యుడు నిటారుగా దిగిపోతాడు. అక్కడ ఐదారు షాట్లు తీసే చోట ఇక్కడ రెండే ప్లాన్ చేసుకోండి. మూడోది దొరికితే అదృష్టం.

మధ్యాహ్నమే ఫ్రేము పెట్టి, నటుల స్థానాలకు నేల మీద టేపు అంటించి, రిహార్సల్ ముగించండి. దీపాలన్నీ వెలిగించి వాటి వెలుగు ముఖం మీద ఎంతుందో కొలిచి, ఎక్స్‌పోజర్ దానికే స్థిరం చేయండి. సూర్యుడు మునిగాక ప్రతి రెండు నిమిషాలకు స్పాట్ మీటర్‌తో ఆకాశం చూడండి. ముఖం, ఆకాశం ఒకే రీడింగ్‌కు వచ్చినప్పుడు వైడ్ షాట్ మొదలుపెట్టండి. ఆకాశం రెండు స్టాపులు కిందికి పడేలోపు ఆపండి. అంతకంటే ఆలస్యమైతే నీలం నల్లబడి, మామూలు రాత్రి షాటవుతుంది. వైడ్ ముందు, క్లోజప్ తర్వాత. క్లోజప్‌లో వెనక ఆకాశం కాస్తే కనిపిస్తుంది కాబట్టి, చీకటి పడ్డాక కూడా నెట్టుకురావచ్చు. చీకటి పడుతోందని కంగారుపడి ఐరిస్ (లెన్సులో వెలుగు వచ్చే రంధ్రం) తెరిస్తే దీపాలు కాలిపోతాయి, షాట్లు ఒకదానితో ఒకటి అతకవు.

దశ 6: అద్దం వెనక ముఖం

‘పారిస్, టెక్సస్’ చివర్లో ట్రావిస్, జేన్ ఒకే అద్దానికి చెరో వైపు కూర్చుంటారు. అతనికి ఆమె కనిపిస్తుంది. ఆమెకు తన ప్రతిబింబమే కనిపిస్తుంది. ఒక క్షణంలో అతని ముఖం ఆమె ముఖం మీద సరిగ్గా అతుక్కుంటుంది. దాన్ని కంప్యూటర్ లేకుండా ఇంట్లోనే సాధించవచ్చు. కొలతలు తప్పకూడదు.

సగం పారదర్శకంగా ఉండే అద్దం కావాలి. మూడు మిల్లీమీటర్ల మందం మంచిది. మందం పెరిగేకొద్దీ వెనక ఉపరితలం నుంచి రెండో ప్రతిబింబం లేచి ముక్కు రెండుగా కనిపిస్తుంది. పూత ఉన్న వైపు కెమెరా వైపు ఉండాలి. అక్రిలిక్ షీటు చవకే కానీ వంగుతుంది, ముఖం సాగిపోతుంది. అదే వాడితే నాలుగు వైపులా ఫ్రేముకు గట్టిగా బిగించండి.

మొదటి మనిషి కళ్లు అద్దానికి 60 సెంటీమీటర్ల దూరంలో ఉంటే, రెండో మనిషి కళ్లు కూడా అవతల సరిగ్గా 60 సెంటీమీటర్లలో, అదే ఎత్తులో ఉండాలి. ప్రతిబింబం అద్దం మీద ఉన్నట్టు కనిపించినా, లెన్సుకు అది అద్దం వెనక 60 సెంటీమీటర్ల లోతులో ఉంటుంది. ఇద్దరూ ఒకే బిందువులో ఉన్నట్టే కాబట్టి పరిమాణం కలుస్తుంది, ఫోకస్ కూడా కలుస్తుంది. కెమెరాను ఏ కోణంలోకి జరిపినా అతుకు చెదరదు. అందుకే కెమెరాను నేరుగా వెనక పెట్టి అతని తలనే అడ్డం చేసుకోనక్కర్లేదు. భుజం పక్కకు జరిపి పెట్టండి. ఎక్కువమంది చేసే తప్పు అద్దం ఉపరితలానికి ఫోకస్ పెట్టడం. అలా పెడితే దుమ్ము తప్ప ఏదీ స్పష్టంగా ఉండదు. ఇద్దరిలో ఒకరు పది సెంటీమీటర్లు ముందుకు వాలినా ఒక ముఖం చిన్నదవుతుంది కాబట్టి కుర్చీలను నేలకు టేపుతో కట్టేయండి.

వెలుగు లెక్క: ఆమె మాత్రమే కనిపించాలంటే ఆమె వైపు మూడు స్టాపులు ఎక్కువ ఉండాలి. ఇద్దరూ సమానంగా కలవాలంటే, సగం సగం అద్దానికి రెండు ముఖాల మీదా ఒకే వెలుగు. 70 శాతం ప్రతిఫలించి 30 శాతం లోపలికి పంపే రకమైతే అవతలి ముఖానికి ఒకటింపావు స్టాపు ఎక్కువ ఇవ్వాలి. రెండు దీపాలనూ డిమ్మర్ల మీద పెట్టి, ఒకటి తగ్గిస్తూ ఒకటి పెంచండి. కెమెరాకు, ఆపరేటర్‌కు నల్ల గుడ్డ కప్పండి. ఆపరేటర్ తెల్ల చొక్కా వేసుకుంటే అతనూ సీనులో ఉంటాడు.

దశ 7: నలుపు తెలుపు

రంగులో తీసి చివర్లో రంగు లాగేస్తే అది నలుపు తెలుపు సినిమా కాదు. ఎరుపు, ఆకుపచ్చ రంగులో ఎంత వేరుగా ఉన్నా బూడిద రంగులోకి మారేసరికి ఒకటే కావచ్చు. అరటి తోట ముందు ఎర్ర చీర కలిసిపోతుంది. రికీలోనే మానిటర్‌ను మోనోక్రోమ్‌లో పెట్టి బట్టలు, గోడలు చూసి మార్చండి. ఆకాశం ముదరాలంటే 8వ నంబరు పసుపు ఫిల్టర్, ఒక స్టాపు పోతుంది. బాగా నల్లబడాలంటే 25వ నంబరు ఎరుపు, మూడు స్టాపులు పోతాయి. పైగా పెదాలు పాలిపోతాయి. ముఖాలున్న షాట్లకు పసుపే మేలు. ‘డెడ్ మ్యాన్’లో అటవీ దృశ్యాలు చూడండి. నలుపుకూ తెలుపుకూ మధ్య ఎన్ని బూడిద ఛాయలున్నాయో లెక్కపెట్టలేం. కాంట్రాస్ట్ పెంచేయడమే నలుపు తెలుపు అనుకునేవాళ్లకు ఆ ఒక్క సినిమా చాలు.

దశ 8: కెమెరా చేతిలోకి

‘బ్రేకింగ్ ద వేవ్స్’లో నటులు ఎటైనా తిరగొచ్చు, కెమెరా ఎటైనా తిరుగుతుంది. అంటే నేల మీద లైట్ స్టాండు ఒక్కటి కూడా ఉండకూడదు. వెలుగంతా కిటికీల బయటి నుంచి, సీలింగు నుంచి, లేదా సీనులో భాగమైన దీపాల నుంచే రావాలి. ఆ సినిమా ఫిల్మ్‌ను వీడియోలోకి మార్చి, తిరిగి ఫిల్మ్ మీదకు ఎక్కించారు. ఆ గరుకుదనం అందుకే.

ఫోకస్‌కు గుర్తులు పెట్టలేరు కాబట్టి లోతు, అంటే ఎంత దూరం నుంచి ఎంత దూరం దాకా స్పష్టంగా ఉంటుందో ముందే లెక్కేసుకోండి. సూపర్ 35 మీద 28 ఎంఎం లెన్సు, ఎఫ్ 5.6, ఫోకస్ రెండు మీటర్ల దగ్గర ఉంచితే దాదాపు ఒకటిన్నర మీటరు నుంచి మూడు మీటర్ల దాకా స్పష్టంగా ఉంటుంది. నటుడికి అంత దూరంలో ఉంటూ మీరే కదలండి. దీనికి కావలసిన వెలుగు కోసం ఐఎస్ఓ 1600 దాకా వెళ్లినా పర్లేదు. ఎఫ్ 1.4 పెట్టి వెనకంతా మసక చేయడం ఈ పద్ధతికి సరిపడదు. మనిషి ఉన్న చోటే కనిపించకపోతే అక్కడి వెలుగుకు అర్థం లేదు.

మిర్రర్‌లెస్ కెమెరా మరీ తేలిక కాబట్టి సన్నగా వణుకుతుంది. కేజ్, బ్యాటరీ, భుజం రిగ్ కలిపి నాలుగైదు కిలోలకు తీసుకురండి. సెన్సర్ స్టెబిలైజేషన్ ఆపేయండి. వైడ్ లెన్సుతో నడిస్తే అది ఫ్రేము మూలలను జెల్లీలా ఊపుతుంది.

2000లో వచ్చిన ‘డాన్సర్ ఇన్ ద డార్క్’లో వాన్ ట్రియర్, ముల్లర్ దీనికి పూర్తిగా ఎదురు దారి పట్టారు. పాటల కోసం కదలని డిజిటల్ వీడియో కెమెరాలు వంద పెట్టారు. బడ్జెట్ ఉన్నవాళ్లు కూడా అనుకరించాల్సిన పనిలేదు.

దశ 9: డీఐలో చేతులు కట్టుకోండి

ఆ కాలపు ల్యాబ్‌లో ప్రింటుకు మూడే మీటలు: ఎరుపు, ఆకుపచ్చ, నీలం. అవి కూడా షాటు మొత్తానికి. ఒక ముఖాన్ని విడిగా వెలిగించడం కుదిరేది కాదు. కలరిస్ట్‌తో కూర్చున్నప్పుడు మొదటి విడతలో అదే నియమం పెట్టుకోండి. ఆఫ్‌సెట్ (ఫ్రేము మొత్తానికి ఒకే సర్దుబాటు) మాత్రమే, విండోలు (ఫ్రేములో ఒక భాగాన్ని విడిగా మార్చడం) వద్దు, కీయింగ్ (ఒక రంగును మాత్రమే ఎంచి మార్చడం) వద్దు. సినిమా మొత్తం అలా ఒకసారి అయ్యాక చూస్తే ఏ షాటుకు నిజంగా సాయం కావాలో తేలుతుంది. సాధారణంగా పదింట ఒకటో రెండో ఉంటాయి.

నీడలను పూర్తి నలుపులోకి తొక్కేయకండి. కిటికీ ముఖం కంటే మూడు స్టాపులు ఎక్కువున్నా, షూటింగులో హైలైట్ (బాగా వెలుగున్న భాగం) తెగకుండా కాపాడి ఉంటే అదే సర్దుకుంటుంది. డిజిటల్ సెన్సర్ నెగెటివ్ లాంటిది కాదు, పైన పోయింది తిరిగి రాదు.

చివరి ఫైల్‌ను థియేటర్ ప్రొజెక్టర్ మీద ఒకసారి, ఫోన్‌లో ఒకసారి చూడండి. ఫోన్‌లో పచ్చ మరీ ఎక్కువగా కొడుతుంటే గ్రేడ్ ముట్టుకునే ముందు ఆ ఫోన్ డిస్‌ప్లే వివిడ్ మోడ్‌లో ఉందేమో చూసి, నేచురల్‌కు మార్చి మళ్లీ చూడండి.